కాంట్రాక్టు ముగిసిన రోజు: బడి సిబ్బందికి చట్టం ఇచ్చిన రక్షణ ఎంత?

వేసవి సెలవులు ఇచ్చే రోజు పిల్లలకు పండగ. అదే బడిలో పాఠం చెప్పే కాంట్రాక్టు టీచరుకూ, వండిపెట్టే వంటమనిషికీ, రాత్రిళ్లు గేటు దగ్గర కాపలా ఉండే వాచ్‌మన్‌కూ అది గుబులు పుట్టించే రోజు. జూన్‌లో బడి తెరిచేనాటికి రెన్యువల్ ఉత్తర్వు వస్తుందా? వస్తే ఏ తేదీ నుంచి వస్తుంది? మధ్యలోని నెలన్నర జీతం సంగతేమిటి? ఏడాదికోసారి తిరిగొచ్చే ఈ ప్రశ్నలకు ఏడెనిమిదేళ్ల సర్వీసు ఉన్నవాళ్ల దగ్గరా జవాబు ఉండదు.

'మీది కాంట్రాక్టు ఉద్యోగం, గడువు అయిపోయింది, మీకు అడిగే హక్కు లేదు' అనే మాట హెడ్మాస్టరు గదిలోనూ, జిల్లా కార్యాలయంలోనూ, ప్రైవేటు యాజమాన్యం ముందూ ఒకేలా వినిపిస్తుంది. ఇందులో నిజం సగమే. ఉద్యోగంలో శాశ్వతంగా కొనసాగే హక్కు కాంట్రాక్టు సిబ్బందికి లేదన్నది నిజం. అయితే ఎలా పంపాలి, పంపేటప్పుడు ఏమేం చెల్లించాలి అన్నవి యాజమాన్యం ఇష్టానికి వదిలేసిన విషయాలు కావు. గత నలభై ఏళ్లలో వచ్చిన చట్టాలు, తీర్పులు ఈ రెంటి మధ్య గీత గీశాయి. ఆ గీత ఎక్కడుందో తెలియకపోవడమే సిబ్బందికి అసలు నష్టం.

ఉమాదేవి తీర్పు ఏం చెప్పింది

ప్రభుత్వ బడులు, గురుకులాలు, కస్తూర్బా విద్యాలయాల సిబ్బంది కోర్టుకు వెళ్లిన ప్రతిసారీ ప్రభుత్వ న్యాయవాది ముందు తీసేది 2006 ఏప్రిల్ 10 నాటి ఉమాదేవి తీర్పునే. కర్ణాటక ప్రభుత్వ కేసులో ఐదుగురు న్యాయమూర్తుల రాజ్యాంగ ధర్మాసనం ఇచ్చిన తీర్పు అది. ప్రకటన, పోటీ, ఎంపిక లేకుండా వచ్చిన తాత్కాలిక ఉద్యోగి ఎన్నేళ్లు పనిచేసినా పర్మినెంటు చేయాలని హక్కుగా అడగలేరని తేల్చింది. ప్రభుత్వ ఉద్యోగం అందరికీ సమానంగా అందాలన్న 14, 16 అధికరణాలే దానికి ఆధారం.

అదే తీర్పులో ఒక మినహాయింపు కూడా ఉంది. మంజూరైన పోస్టులో, తగిన అర్హతలతో, కోర్టు ఉత్తర్వుల అండ లేకుండా పదేళ్లు పైగా పనిచేసినవారిని ఒక్కసారికి పరిశీలించి క్రమబద్ధీకరించాలని ప్రభుత్వాలకు చెప్పింది. 'చట్టవిరుద్ధమైన' నియామకం వేరు, పద్ధతిలో లోపమున్న 'క్రమరహిత' నియామకం వేరు అని విడదీసింది. మొదటి భాగాన్ని అన్ని ప్రభుత్వాలూ కంఠతా పట్టాయి. రెండో భాగాన్ని చాలావరకు పక్కన పెట్టాయి.

ఈ పక్షపాత పఠనాన్ని సుప్రీంకోర్టు ఇటీవల గట్టిగా తప్పుపట్టింది. కేంద్ర జల సంఘంలో రెండు దశాబ్దాలు పైగా ఊడ్చి, తుడిచి, మొక్కలు పెంచిన కార్మికులను 2018లో ఉన్నపళంగా తీసేశారు. 2024 డిసెంబరు 20న జగ్గో కేసులో కోర్టు వారిని మళ్లీ చేర్చుకుని క్రమబద్ధీకరించాలని ఆదేశించింది. ఏళ్లుగా అవసరమైన పని చేయించుకుని ఉమాదేవి తీర్పును అడ్డుపెట్టుకుని తప్పించుకోవడం ఆ తీర్పు ఉద్దేశం కాదని స్పష్టం చేసింది. ఉత్తరప్రదేశ్ ఉన్నత విద్యా సర్వీసుల కమిషన్‌లో దినసరి వేతనంపై పనిచేసిన సిబ్బంది విషయంలోనూ 2025 ఆగస్టులో ఇదే దారి పట్టింది. నిరంతరం అవసరమయ్యే పనిని తాత్కాలిక ఉద్యోగుల వీపు మీద మోపి ప్రభుత్వం బడ్జెట్ సరిచూసుకోరాదన్నది ఆ తీర్పు సారం.

ఈ తీర్పులు వచ్చాక అందరికీ దారి తెరుచుకుందనుకుంటే పొరపాటే. వాటిలో గెలిచినవారు దశాబ్దాల సర్వీసు ఉన్నవారు, నిరంతర అవసరమున్న పనుల్లో ఉన్నవారు. బడి సిబ్బందిలో పెద్ద భాగం సమగ్ర శిక్ష వంటి పథకాల కింద ఉన్నారు. కేంద్రం 60, రాష్ట్రం 40 శాతం భరించే పథకం కాబట్టి అవి 'మంజూరైన పోస్టులు' కావనీ, పథకం ఉన్నంతవరకే ఉద్యోగమనీ ప్రభుత్వాలు వాదిస్తాయి. ఉత్తరప్రదేశ్‌లో లక్షన్నరకు పైగా శిక్షామిత్రలను టీచర్లుగా మార్చడాన్ని 2017 జులైలో సుప్రీంకోర్టే కొట్టేసింది. బిహార్‌లో 'నియోజిత' టీచర్లకు రెగ్యులర్ టీచర్లతో సమాన వేతనం ఇవ్వనక్కర్లేదని 2019 మేలో చెప్పింది. క్రమబద్ధీకరణ మీద మాత్రమే ఆశ పెట్టుకుని కోర్టుకు వెళ్లేవారు ఈ రెండో వైపునూ చూడాలి.

తెలుగు రాష్ట్రాల్లో మరో చిక్కు ఉంది. తాత్కాలిక నియామకాలను కట్టడి చేసే 1994 నాటి 2వ నంబరు చట్టం ఇక్కడ అమల్లో ఉంది. తెలంగాణ ప్రభుత్వం ఆ చట్టానికి 10ఏ సెక్షన్ చేర్చి వేలమంది కాంట్రాక్టు ఉద్యోగులను క్రమబద్ధీకరించింది. 2024 నవంబరులో హైకోర్టు ఆ సెక్షన్‌ను కొట్టేసింది. అప్పటికే పర్మినెంటు అయినవారి జోలికి మాత్రం పోలేదు. అంటే ముందు వరుసలో ఉన్నవారు ఒడ్డున పడ్డారు, వెనుక వరుసలో ఉన్నవారు నీళ్లలోనే మిగిలారు.

సెలవుల ముందు తీసేసి, తర్వాత చేర్చుకుంటే

ఏప్రిల్‌లో తీసేసి జూన్‌లో చేర్చుకునే పద్ధతి కొత్తది కాదు. హర్యానా ప్రభుత్వం విద్యా సంవత్సరం మొదట్లో అడ్‌హాక్ టీచర్లను తీసుకుని, వేసవి సెలవులకు ముందు పంపేసి, బడి తెరిచాక మళ్లీ పిలిచేది. 1985లో రతన్‌లాల్ కేసులో సుప్రీంకోర్టు ఈ పద్ధతిని ఎండగట్టింది. ఇది 14, 16 అధికరణాలకు విరుద్ధమనీ, టీచర్ల అనిశ్చితి చివరికి పిల్లల చదువునే దెబ్బతీస్తుందనీ చెప్పింది. రెగ్యులర్ నియామకాలు జరిగేదాకా వారిని కొనసాగించాలని, సెలవుల జీతం చెల్లించాలని ఆదేశించింది. నలభై ఏళ్లు గడిచినా సర్వీసు మధ్యలో ఒకటి రెండు రోజుల 'బ్రేక్' చూపించే అలవాటు పోలేదు.

ఒక కాంట్రాక్టు ఉద్యోగిని తీసి ఆ స్థానంలో మరో కాంట్రాక్టు ఉద్యోగిని పెట్టరాదన్నది దీనికి దగ్గరి సూత్రం. రెగ్యులర్‌గా ఎంపికైన వ్యక్తి వస్తేనే తాత్కాలిక ఉద్యోగి తప్పుకోవాలని 1992లో పియారా సింగ్ కేసులో చెప్పారు. ఆ తీర్పులో క్రమబద్ధీకరణకు సంబంధించిన భాగాన్ని ఉమాదేవి తీర్పు ఒప్పుకోలేదు గానీ ఈ సూత్రం నిలిచింది. మధ్యప్రదేశ్ కాలేజీల్లో గెస్ట్ లెక్చరర్ల కేసులో 2022 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు దాన్ని మళ్లీ ధ్రువీకరించింది.

దీనివల్ల ఏది అడగవచ్చో, ఏది అడగకూడదో తేలుతుంది. తెలంగాణ 2024లో 11,062 పోస్టులకు, ఆంధ్రప్రదేశ్ 2025లో 16,347 పోస్టులకు డీఎస్సీ నిర్వహించాయి. ఆ నియామకాల ద్వారా వచ్చిన టీచరు తన స్థానంలో చేరితే విద్యా వలంటీరో, కాంట్రాక్టు టీచరో అడ్డుకోలేరు. కానీ పోస్టు ఖాళీగానే ఉండి, పనీ ఉండి, పాతవారి స్థానంలో కొత్త వలంటీరును తక్కువ జీతానికి పెట్టుకుంటే అది హైకోర్టు ముందు నిలబడే కేసు.

ఉత్తర్వులో నింద ఉంటే

'గడువు ముగిసినందున సేవలు ఆగిపోయాయి' అని ఒక్క వాక్యం రాసి పంపితే సాధారణంగా కోర్టు జోక్యం చేసుకోదు. కానీ చాలా ఉత్తర్వులు అక్కడితో ఆగవు. పనితీరు బాగాలేదని, క్రమశిక్షణ లేదని, డబ్బు లెక్కల్లో తేడాలున్నాయని కారణాలు చేరుస్తాయి. ఆ క్షణం నుంచి వ్యవహారం మారిపోతుంది. అలాంటి ఉత్తర్వు ఆ మనిషిపై మచ్చ వేస్తుంది, రేపు మరో చోట ఉద్యోగం దొరక్కుండా చేస్తుంది. అందుకే ఆరోపణలు చెప్పి, జవాబు విని, విచారణ జరిపాకే అలా రాయాలన్నది స్థిరపడిన న్యాయసూత్రం.

విద్యా శాఖకు సంబంధించి దీనికి ఇటీవలి ఉదాహరణ మధ్యప్రదేశ్ నుంచి ఉంది. సర్వశిక్షా అభియాన్ అమలు చేసే రాజ్య శిక్షా కేంద్రంలో కాంట్రాక్టుపై పనిచేస్తున్న ఒక సహాయ ప్రాజెక్టు కోఆర్డినేటర్‌ను తొలగించారు. గడువు పొడిగించలేదు, అంతే అన్నది ప్రభుత్వ వాదన. పైకి మామూలుగా కనిపించినా వెనుక ఉన్నది ఆరోపణలేనని 2024 ఆగస్టులో సుప్రీంకోర్టు తేల్చి ఆ ఉత్తర్వును పక్కన పెట్టింది. ఉత్తర్వులో వాడిన మాటలే కాదు, దాని వెనుక నడిచిన కథనూ కోర్టు చూస్తుందన్నమాట. తొలగింపుకు ముందు ఇచ్చిన మెమోలు, షోకాజ్ నోటీసులు, వాటికి రాసిన జవాబులు దాచుకోవాల్సింది ఇందుకే.

ప్రసూతి సెలవులో ఉన్నవారిది మరో కోణం. ఢిల్లీలో కాంట్రాక్టుపై పనిచేసిన ఒక వైద్యురాలి కేసులో 2023 ఆగస్టులో సుప్రీంకోర్టు కీలకమైన మాట చెప్పింది. సెలవు మధ్యలో కాంట్రాక్టు గడువు ముగిసినా 26 వారాల ప్రసూతి ప్రయోజనం పూర్తిగా చెల్లించాల్సిందే. గత ఏడాదిలో 80 రోజులు పనిచేసి ఉంటే చాలు, ఆ హక్కు వస్తుంది. కస్తూర్బా విద్యాలయాల్లో పనిచేసేవారంతా దాదాపు మహిళలే. వారికి ఈ తీర్పు నేరుగా ఉపయోగపడేది.

ప్రైవేటు బడుల్లో చిక్కు ఎక్కడ

ప్రభుత్వం మీదైతే హైకోర్టులో రిట్ వేయవచ్చు. ప్రైవేటు బడి మీద ఆ తలుపు సులువుగా తెరుచుకోదు. ఒక ప్రైవేటు అన్‌ఎయిడెడ్ మైనారిటీ స్కూలు బోధనేతర ఉద్యోగి కేసులో 2022 ఆగస్టులో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. బడి ప్రజాప్రయోజనమైన పని చేస్తున్నంత మాత్రాన, ఉద్యోగికీ యాజమాన్యానికీ మధ్య ఒప్పంద వివాదం రిట్ పరిధిలోకి రాదు. ఆ సర్వీసుకు చట్టం అండ ఉంటేనే వస్తుంది.

ఆ చట్టం తెలుగు రాష్ట్రాల్లో ఉంది. ప్రైవేటు విద్యాసంస్థలో టీచరునుగానీ బోధనేతర సిబ్బందినిగానీ ఆరోపణలు తెలిపి, విచారణ జరిపి, వాదన వినకుండా తొలగించరాదని 1982 నాటి ఆంధ్రప్రదేశ్ విద్యా చట్టం 79వ సెక్షన్ చెబుతుంది. విభజన తర్వాత తెలంగాణ కూడా అదే చట్టాన్ని తనకు అన్వయించుకుంది. ఇలాంటి నిబంధన ఎంత బలమైనదో ఢిల్లీ అనుభవం చూపుతుంది. అక్కడి 1973 చట్టం ప్రకారం తొలగింపుకు విద్యా డైరెక్టరు ముందస్తు అనుమతి కావాలి. ఆ అనుమతి లేకుండా ఒక ప్రైవేటు బడి తీసేసిన డ్రైవరును తిరిగి చేర్చుకోవాలని 2016లో సుప్రీంకోర్టు ఆదేశించింది. డైరెక్టరు అనుమతి నిబంధన అన్‌ఎయిడెడ్ బడులకూ వర్తిస్తుందని తేల్చిన తీర్పు ఇది.

కానీ చట్టం పుస్తకంలో ఉండటం వేరు, బడి గేటు దగ్గర పనిచేయడం వేరు. చాలా ప్రైవేటు బడుల్లో నియామక పత్రమే ఇవ్వరు. చేతికి ఇచ్చే జీతం ఒకటి, రిజిస్టరులో సంతకం మరో మొత్తానికి. చేరేటప్పుడు ఒరిజినల్ సర్టిఫికెట్లు తీసుకుని, మానేస్తే ఇవ్వబోమంటారు. సర్టిఫికెట్లను తాకట్టులా పెట్టుకునే హక్కు యాజమాన్యానికి ఏ చట్టమూ ఇవ్వలేదు. డీఈవోకు రాతపూర్వక ఫిర్యాదు, లాయరు నోటీసు, అవసరమైతే పోలీసు ఫిర్యాదు వరకూ వెళ్లవచ్చు.

టీచరు కార్మికుడు కాదు, ఆయా కార్మికురాలే

బడి సిబ్బంది అందరికీ చట్టం ఒకటే కాదన్నది చాలామందికి తెలియని సంగతి. విద్యాసంస్థ కూడా పారిశ్రామిక వివాదాల చట్టం కింద 'పరిశ్రమే'నని 1978లో బెంగళూరు నీటి సరఫరా బోర్డు కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ టీచరు ఆ చట్టం ఉద్దేశించిన 'వర్క్‌మన్' కాదని 1988లో సుందరంబాళ్ కేసులో తేల్చింది. ఫలితంగా లేబర్ కోర్టు తలుపు టీచరుకు మూసుకుంది. అదే బడిలోని క్లర్కు, డ్రైవరు, ఆయా, స్వీపరు, వంటమనిషి ఆ తలుపు తట్టవచ్చు. ఏడాదిలో 240 రోజులు పనిచేసిన అలాంటి ఉద్యోగిని మిగులు పేరుతో తీసేస్తే నెల నోటీసు, ఏడాదికి 15 రోజుల సగటు వేతనం చొప్పున పరిహారం ఇవ్వాలన్నది పాత నియమం.

2025 నవంబరు 21 నుంచి నాలుగు లేబర్ కోడ్‌లు అమల్లోకి వచ్చి ఈ పాత చట్టాల స్థానం తీసుకున్నాయి. మూల సూత్రాలు చాలావరకు అలాగే ఉన్నా కొన్ని మార్పులు గమనించాలి. తొలగింపు మీద నేరుగా ట్రిబ్యునల్‌కు వెళ్లే గడువు మూడేళ్ల నుంచి రెండేళ్లకు తగ్గింది. ధార్మిక, సేవా సంస్థలు నడిపేవాటిని 'పరిశ్రమ' నిర్వచనం నుంచి తప్పించారు. చాలా బడులు ట్రస్టుల, సొసైటీల పేరుతో నడుస్తాయి కాబట్టి యాజమాన్యాలు ఈ మినహాయింపును వాడుకోవాలని చూస్తాయి. ఫీజులు వసూలు చేసే బడి సేవా సంస్థ ఎలా అవుతుందన్న వాదన రేపు కోర్టుల్లో నడుస్తుంది. మరో పక్క, నిర్ణీత గడువు ముగిసి ఉద్యోగం ఆగడం 'రిట్రెంచ్‌మెంట్' కిందికి రాదని పాత చట్టంలాగే కొత్త కోడ్ కూడా అంటోంది.

ఏజెన్సీల ద్వారా వచ్చినవారి స్థితి అన్నిటికంటే బలహీనం. జీతం ఇచ్చేది ఏజెన్సీ, పని చేయించుకునేది బడి. అడిగితే ఇద్దరూ ఎదుటివారి వైపు చూపిస్తారు. ఏజెన్సీ ద్వారా వచ్చిన కార్మికులు రెగ్యులర్ ఉద్యోగులతో సమానత్వం కోరలేరని 2026 జనవరిలో నంద్యాల మున్సిపాలిటీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అయినా ఒకటి మిగిలే ఉంది. ఏజెన్సీ జీతం ఎగ్గొడితే అసలు యజమాని, అంటే పని చేయించుకున్న సంస్థ, చెల్లించాలి. పీఎఫ్ బకాయిలకూ అదే బాధ్యత వర్తిస్తుంది.

చేతికి రావాల్సిన డబ్బు

ఉద్యోగం నిలబెట్టుకునే పోరాటం ఏళ్లు పట్టవచ్చు, ఓడిపోనూవచ్చు. రావాల్సిన డబ్బు విషయంలో మాత్రం చట్టం చాలా స్పష్టంగా ఉంది. చాలామంది అడగకుండా వదిలేసేదీ దాన్నే.

మొదటిది గ్రాట్యుటీ. టీచర్లకు ఇది వర్తించదని 2004లో సుప్రీంకోర్టు చెప్పింది. పార్లమెంటు 2009లో చట్టం సవరించి, 1997 ఏప్రిల్ 3 నుంచే వర్తించేలా చేసింది. ప్రైవేటు బడుల సంఘాలు దీన్ని సవాలు చేస్తే 2022 ఆగస్టు 29న సుప్రీంకోర్టు సవరణను సమర్థించింది. ఐదేళ్ల నిరంతర సర్వీసు ఉన్నవారికి ఏడాదికి 15 రోజుల వేతనం చొప్పున, నెలను 26 రోజులుగా లెక్కగట్టి ఇవ్వాలి. చివరి నెల మూలవేతనం, కరువు భత్యం కలిపి 18,000 రూపాయలు ఉన్న టీచరు ఎనిమిదేళ్లు పనిచేస్తే వచ్చేది సుమారు 83,000 రూపాయలు. ఉద్యోగి తప్పు లేకుండా వచ్చిన విరామంతో సర్వీసు తెగిపోదు కాబట్టి కాగితం మీద చూపిన రెండు రోజుల 'బ్రేక్' ఈ హక్కును చంపలేదు. కొత్త సామాజిక భద్రత కోడ్ నిర్ణీత కాల ఉద్యోగులకు ఐదేళ్ల షరతును తొలగించింది. ఏడాది సర్వీసు ఉంటే దామాషా ప్రకారం గ్రాట్యుటీ వస్తుందని కేంద్రం ప్రకటించింది. అర్హత వచ్చిన 30 రోజుల్లో చెల్లించకపోతే వడ్డీ కూడా ఇవ్వాలి.

రెండోది పీఎఫ్. ఇరవై మంది, అంతకు మించి పనిచేసే బడి ఇందులో చేరాల్సిందే. జీతంలో 12 శాతం కోసి, జమ చేయకపోతే అది నేరం. యూఏఎన్ నంబరుతో పాస్‌బుక్ చూసుకుంటే ఏ నెల జమ కాలేదో తెలుస్తుంది. మూడోది చివరి జీతం. తొలగించినా, రాజీనామా చేసినా రెండు పనిదినాల్లో బకాయిలు చెల్లించాలని కొత్త వేతనాల కోడ్ చెబుతోంది. నాలుగోది ఎక్స్‌పీరియన్స్ సర్టిఫికెట్. రేపటి నియామకాల్లో ఇది డబ్బుకంటే విలువైనది. పాత సర్వీసును నిరూపించే ఏకైక కాగితం చాలామందికి అదే అవుతుంది.

కోర్టు దాకా వెళ్లలేనివారి మాటేమిటి

ఇన్ని తీర్పులున్నా ప్రతి ఏప్రిల్‌లో అదే కథ ఎందుకు నడుస్తోంది? ఈ రక్షణలన్నీ కోర్టుకు వెళ్లినవారికే దక్కుతున్నాయి. నెలకు పది, పదిహేను వేల జీతంతో బతికే వంటమనిషి హైదరాబాద్‌కో, అమరావతికో వెళ్లి రిట్ వేయడం మాటలు కాదు. వేసినా, జూన్‌లో తిరిగి పిలుస్తారేమోనన్న ఆశ నోరు కట్టేస్తుంది. రెన్యువల్ సంతకం ఎవరి చేతిలో ఉందో వారి మీదే ఫిర్యాదు చేయాల్సి రావడం ఈ వ్యవస్థలోని అసలు పట్టు. 2024 డిసెంబరులో తెలంగాణ సమగ్ర శిక్ష ఉద్యోగులు సమ్మెకు దిగినప్పుడు కస్తూర్బా విద్యాలయాల్లో చదువు కుంటుపడింది. 'తాత్కాలిక' సిబ్బంది లేకపోతే ఆ బడులు ఒక్కరోజూ నడవవని తేలడానికి అంతకంటే రుజువు అక్కర్లేదు.

ప్రభుత్వాల వాదనలోనూ కొంత న్యాయం ఉంది. పోటీ పరీక్ష రాసి ఎదురుచూస్తున్న లక్షల మంది నిరుద్యోగులను పక్కనపెట్టి వెనుక దారిన వచ్చినవారిని పర్మినెంటు చేస్తే అదీ అన్యాయమే. కానీ ఈ వాదనకు జవాబు ఖాళీలను సకాలంలో నింపడమే తప్ప, ఖాళీని ఖాళీగా ఉంచి పదేళ్లు తక్కువ జీతానికి పని చేయించుకోవడం కాదు.

క్రమబద్ధీకరణ వంటి పెద్ద నిర్ణయం తేలేలోపు ప్రభుత్వాలు చేయగలిగినవి ఉన్నాయి. రెన్యువల్ ఉత్తర్వులను సెలవులకు ముందే ఇవ్వడం, కృత్రిమ 'బ్రేక్'లు మానడం, తొలగించేముందు నెల నోటీసు, లిఖితపూర్వక కారణం తప్పనిసరి చేయడం, ప్రైవేటు బడులకు గుర్తింపు పొడిగించే సమయంలో నియామక పత్రాలు, పీఎఫ్ రికార్డులు పరిశీలించడం. వీటిలో దేనికీ కొత్త చట్టం అక్కర్లేదు. జిల్లా స్థాయిలో ఒక అధికారి సంతకం చాలు.

అప్పటిదాకా సిబ్బంది చేతిలో ఉన్న ఆయుధం కాగితమే. నియామక ఉత్తర్వు, ప్రతి ఏడాది రెన్యువల్, హాజరు రిజిస్టరు ఫొటో, బ్యాంకు స్టేట్‌మెంటు, మెమోలు, వాటి జవాబులు. నోటిమాటగా 'రేపటి నుంచి రావద్దు' అంటే, ఆ రోజే స్పీడ్ పోస్టులో కారణం అడుగుతూ ఉత్తరం పంపాలి. కోర్టు మొదట అడిగేది ఆ ఉత్తరం తేదీనే.